మా తోడల్లుడు తీసుకున్న పది నిమిషాలు

పోయిన వారం ఆత్మకూరు నుంచి ఒక కాలేజీ లెక్చరర్ ఫోన్ చేశాడు. గొంతును బట్టి ముప్పై దాటని కుర్రవాడు. ఇస్లాంలో ఆధునిక ఆలోచన మీద చిన్న సదస్సు పెట్టుకుంటున్నారట. ఉదయగిరి, ఆత్మకూరు ప్రాంతంలో మతాన్ని కొత్తగా ఆలోచించినవాళ్ళ గురించి ఒక పుస్తకం కూడా వేస్తారట. "మీ దగ్గర చాలా సమాచారం ఉందని చెప్పారు సార్" అన్నాడు. పడక్కుర్చీలో వాలి ఉన్నవాణ్ణి నిటారుగా అయ్యాను. ఒక చేత్తో ఫోన్ పట్టుకుని రెండో చేత్తో మా ఇంటావిడకు సైగ చేశాను, బీరువా మీది ట్రంకు పెట్టె దించమని. ఆ పెట్టెలో నా ఏడు లాంగ్ నోటుబుక్కులు ఉన్నాయి, ముప్పై ఏళ్ళ కష్టం. ఆవిడ కుర్చీ వేసుకుని పెట్టె అంచు పట్టుకుని లాగుతూ ఉంది. అప్పుడా అబ్బాయి, "మీ తోడల్లుడుగారి గురించి ఒక నాలుగు పేజీలు రాసివ్వాలి సార్. ఆయన్ని అడిగితే, నాకేం తెలుసు, మా అన్నను అడగండి అన్నారు" అన్నాడు. నేను సైగ మార్చాను. "దించేదా, ఎత్తేదా? ఏదో ఒకటి చెప్పండి, చేతులు పడిపోతా ఉండాయి" అని ఆవిడ అక్కడి నుంచే అరిచింది. నేను ఉద్యోగం నుంచి దిగిపోయి చాలాకాలమైంది గాని, నా అసూయ ఇంకా సర్వీసులోనే ఉందని ఆ పూట తెలిసింది.

తోడల్లుడు అనే మాటలో తోడు ఉంది గాని, ఆ తోడు దేనికో ఎవరూ చెప్పరు. మా ఇళ్ళల్లో ఉర్దూలో సాడూ అంటాం. నేను సాడూనే గాని సాధువును కాను. ఆయన భార్య మా ఆవిడకు సొంత చెల్లెలు. తోడల్లుడు మర్రిపాడు వైపు మెట్ట ఊరి నుంచి వచ్చి, ఉదయగిరి బస్టాండు దగ్గర మోటార్లు వైండింగ్ చేసే షాపు పెట్టుకున్నాడు. చదువు పదో తరగతి దగ్గర ఆగింది. నేను అదే ఊళ్ళో హైస్కూల్లో సోషల్ అయ్యవారిని. "నా ఇద్దరు అల్లుళ్ళదీ బోరు పనే. చిన్నోడు బాగుచేస్తాడు, పెద్దోడు కొడతాడు" అని మా మామగారు ఆత్మకూరు ఇంట్లో చుట్టాల ముందు నవ్వేవారు. నేనూ నవ్వేవాణ్ణి. పెద్దల్లుడికి అంతకన్నా మార్గం లేదు. పండగకు పోతే నేను మామగారికి కారణకార్యాల గురించి మధ్యయుగపు తత్వవేత్తలు పడిన తగువు వివరించేవాణ్ణి. ఆయన శ్రద్ధగా విని, విని, విని నిద్రపోయేవారు. తోడల్లుడు వచ్చి మిక్సీ విప్పగానే లేచి కూర్చునేవారు. భోజనాల దగ్గర మూలుగ ఉన్న బొక్క ఎప్పుడూ తోడల్లుడి పళ్ళెంలోనే పడేది. అత్తగారు చూడకుండా వడ్డించేదని మా ఆవిడ అనేది. చూడకుండా వడ్డిస్తే ఒక్కసారన్నా గురి తప్పాలి కదా.

నా నోటుబుక్కుల సంగతి కూడా చెప్పాలి, ఎవరూ అడగకపోయినా. మనిషి చేసే పనికి మనిషే కర్తా లేక దైవమా, నమ్మకంలో బుద్ధికి ఎంత చోటు, వెయ్యేళ్ళనాటి ధర్మశాస్త్రం మాటను ఈ కాలంలో ఎట్లా చదువుకోవాలి, ఇవీ అందులో విషయాలు. పాత సూత్రాన్ని కొత్త పరిస్థితి ముందు పెట్టి, బుర్ర పెట్టి శ్రమపడటాన్ని ఇజ్తిహాద్ అంటారు. దాని మీదే రెండు వందల పేజీలు రాశాను. ఇజ్తిహాద్ మాత్రం ఒక్కటీ చేయలేదు. వంటల పుస్తకం రాసి హోటల్లో తిని బతికినట్టు. పైగా నా దస్తూరీ నాకే అంతుపట్టదు. అందుకని ఆ ఏడు పుస్తకాలకూ మా ఇంటావిడే సాపు ప్రతి రాసింది. రాస్తూ రాస్తూ, "ఈయనెవరో పోయిన పుస్తకంలో ఒక మాట చెప్పినాడు, ఇప్పుడు మాట మార్చినాడే" అనేది. చూస్తే నిజమే అయ్యేది. ఆ తత్వవేత్తలను నాకన్నా నిర్మొహమాటంగా చదివింది ఆవిడే.

చాలా ఏళ్ళ కిందట ఒక ఏడాది, రెండు పంట కార్లు వరసగా వాన మొహం చాటేసింది. మార్చి నాటికే ఉదయగిరి కొండ రంగు మారిపోయి, కింద బోర్లు ఒక్కొక్కటే గాలి తోయడం మొదలుపెట్టాయి. మా వీధిలో నీళ్ళు మిగిలింది మసీదు బోరులోనే. గోడకు బయటివైపు వీధి వాళ్ళ కోసం ఒక కొళాయి ఉండేది. హిందువులు, ముస్లింలు, గొర్రెలు, అందరూ దాని దగ్గరికే. మా ఇంటికి నాలుగిళ్ళ అవతల గొర్రెలు మేపుకునే అవ్వ ఒకామె ఉండేది. ఆమె మంద మొత్తం ఆ కొళాయి కింద తొట్టిలోనే తాగేది. ఏప్రిల్‌లో మసీదు పెద్దాయన బయటి కొళాయికి బిరడా కొట్టించేశాడు. చెడ్డవాడు కాదు. నమాజుకు ముందు చేతులు, ముఖం, కాళ్ళు కడుక్కునే వజూకు నీళ్ళు చాలకపోతే ఎట్లా అని భయపడ్డాడు. మసీదు నీళ్ళు మసీదుకే అన్నాడు. మర్నాటి నుంచి మా వీధి ఆడవాళ్ళు ప్లాస్టిక్ బిందెలతో మూసిన కొళాయి ముందే వరస కట్టి కూర్చునేవాళ్ళు, లోపలి నుంచి ఎవరన్నా ఒక బిందె పట్టి ఇస్తారేమోనని.

సరిగ్గా అప్పుడే నా జీవితాశయం నెరవేరబోతూ ఉంది. మా మసీదులో శుక్రవారం అరబ్బీ ప్రసంగానికి ముందు పది నిమిషాలు తెలుగులో మాట్లాడే ఆనవాయితీ ఉంది, గ్రాంథికమైన ఉర్దూ మాలో చాలామందికి కొరుకుడుపడదు కాబట్టి. ఆ పది నిమిషాల కోసం ఎన్నో ఏళ్ళు పెద్దాయన చుట్టూ తిరిగాను. ఎట్టకేలకు, "ఈ శుక్రవారం మీరే సార్, తొందరగా ముగించండి" అన్నాడు. పధ్నాలుగు పేజీలు రాసుకున్నాను. నమ్మకంలో వివేకానికి స్థానం. ఇస్త్రీ లాల్చీ, జేబులో మడిచిన కాగితాలు, మొదటి వరసలో చోటు. పెద్దాయన లేచి, "సార్ మాట్లాడే ముందు, మోటారు సంగతి రెండు ముక్కలు చెప్తాడు" అని మా తోడల్లుణ్ణి పిలిచాడు. షాపు నుంచి నేరుగా వచ్చాడు. చేతులు కడిగినా గోళ్ళ సందుల్లో గ్రీజు పోలేదు.

"నాకు మాట్లాడేది రాదు. మోటారు గంట ఆడితే అరగంట గాలే తోస్తా ఉండాది. ఇట్లే నడిపితే కాయిల్ కాలిపోతాది. కాయిల్ కాలితే నేను చుడతాను, అది నా పని. అడుగున నీళ్ళు అయిపోతే నేను చుట్టలేను" అన్నాడు. జనం నవ్వారు. రెండు ముక్కలు అయిపోయాయి, ఇక కూర్చుంటాడని నేను జేబులో చెయ్యి పెట్టాను. ఆయన కూర్చోలేదు. "ఇంకొకటి. నీళ్ళు లేనప్పుడు శుభ్రమైన మట్టి తాకి, మొహం, చేతులు తుడుచుకొని నమాజు చేసుకోవచ్చని మనకి చిన్నప్పుడే నేర్పించినారు. మనకి నీళ్ళు ఉండాయి కదరా అంటాడు పెద్దాయన. నేను పొద్దున్నుంచి అదే ఆలోచిస్తా ఉండా. నీళ్ళు ఉండాయా లేవా అనేది తొట్టిలోకి తొంగి చూస్తే తెలవదు. బయట బిందెల వరస చూస్తే తెలస్తాది. ఆ వరస ఉన్నన్నాళ్ళు ఈ తొట్టిలో ఉండేవి మనవి కావు. మనకి నీళ్ళు లేవనే లెక్క. వాన పడేదాకా బయట కొళాయి తెరిచేసి, మనం మట్టితో కానిద్దాం. తప్పయితే చెప్పండి, కూసుంటా."

ఆయన కూర్చోకముందే జనం ఒకరితో ఒకరు వాదన మొదలుపెట్టారు. ఔనన్నవాళ్ళు, కాదన్నవాళ్ళు, ఆ మట్టి వెసులుబాటు ఎడారిలో బాటసారులకు గాని ఊళ్ళో ఇళ్ళున్నవాళ్ళకు కాదన్నవాళ్ళు. నా పది నిమిషాలు అట్లా కారిపోయాయి. కాగితాలు జేబులోనే చెమటకు తడిసిపోయాయి. ఆ క్షణంలో నాకేం అనిపించిందో ఇన్నాళ్ళకు ఉన్నదున్నట్టు రాస్తాను. ఆహా అనిపించలేదు. వరస కట్టిన ఆడవాళ్ళు గుర్తుకు రాలేదు. ఇది నాది కావలసిన మాట కదా అనిపించింది. నేను ముప్పై ఏళ్ళు తలుపు చుట్టూ తిరుగుతూ గడియ ఎక్కడుందో వెతుకుతుంటే, ఆయన స్పానర్ పట్టుకుని వచ్చి తోసుకుంటూ లోపలికి పోయాడు. పైగా తనేం చేశాడో తనకే తెలియదు. తెలిసి చేస్తే కనీసం గర్వపడేవాడు, గర్విష్ఠి అని తిట్టుకునే సౌకర్యమన్నా నాకు దక్కేది.

గోల పెరిగేసరికి పెద్దాయన నా వైపు తిరిగాడు. "సార్, మీరు చదివినోళ్ళు. ఈయన చెప్పింది మన పాత కితాబుల్లో ఎక్కడన్నా ఉండాదా?"

ఉంది. నా మూడో నోటుబుక్కులో ఉంది. పక్కవాడి దాహానికి, చివరికి నోరులేని జీవాల దాహానికి కూడా నీళ్ళు అక్కరైతే, అవి మన దగ్గర ఉన్నా లేనట్టే అని పాత ధర్మశాస్త్ర పండితులు చెప్పారని నేనే ఎత్తి రాసుకున్నాను. బాటసారుల నియమాన్ని కరువు ఊరికి అన్వయించడం ఒక్కటే కొత్త. అది మా తోడల్లుడు చేశాడు. "ఉందండీ" అని ఒక్క మాట అంటే ఆ మధ్యాహ్నమే బిరడా ఊడేది. నేను గొంతు సవరించుకుని, అద్దాలు తుడుచుకుని, "చూడాలి" అన్నాను.

"రేపు ఎవరన్నా మన నమాజులు చెల్లవంటే ఆ పాపం నా మెడకే" అన్నాడు పెద్దాయన. "సార్ చూసి చెప్పినాక తెరుద్దాం. వచ్చే శుక్రవారం సార్‌కే పది నిమిషాలు."

చూడాలి అన్నాక ఏదో ఒకటి చూడాలి కదా. మంగళవారం బస్సెక్కి ఆత్మకూరు పోయాను, అక్కడ అరబ్బీ గ్రంథాలు ఉన్న పెద్దమనిషి ఒకరున్నారని ఇంట్లో చెప్పి. బస్టాండులో టీ తాగి నేరుగా అత్తగారింటికి పోయాను. మామగారికి వార్త నాకన్నా ముందే చేరిపోయింది. "చిన్నోడు భలే మాట చెప్పినాడంటనే! ఎవరి బుర్రలోనన్నా పుట్టినాదా ఇన్నాళ్ళు?" అని చేతులు తిప్పారు. తర్వాత నా వైపు చూసి, "నువ్వేం చెప్పినావు?" అన్నారు. చూస్తానన్నానని చెప్పాను. "ఇంకా చూస్తానే ఉండావా?" అన్నారు. అంతే. నాలుగు మెతుకులు తిని తిరుగు బస్సెక్కాను.

దిగేసరికి ఎండ చల్లబడుతూ ఉంది. మా వీధి మొదట్లో ఒక ట్రాలీ ఆటో ఆగి ఉంది. గొర్రెల అవ్వ ఒక్కొక్క గొర్రెను ఎత్తి దాంట్లో పెడుతూ ఉంది, ఎవరో కొత్త మనిషి కాళ్ళకు తాడు బిగిస్తున్నాడు. "ఎక్కడికవ్వా?" అన్నాను.

"కొండాపురమాయన కొనుక్కోని పోతా ఉండాడు, అయ్యోరా. తాపేదానికి నీళ్ళు యాడున్నాయి? నాలుగు తీసేస్తే మిగతావన్నా బతుకుతాయి."

"శుక్రవారం దాకా ఆగరాదా?"

"శుక్రారం ఏమైతాది? వాన పడతాదా?" అంది. ఆమె చీర చెంగుతో ముఖం తుడుచుకుని, నన్ను చూసి ఏదో గుర్తొచ్చినట్టు, "మీ మసీదోళ్ళు నీళ్ళ కోసరం ఏందో పుస్తకం చూస్తా ఉండారంట కదా. శానా పెద్ద పుస్తకమా, అయ్యోరా?" అని అడిగింది.

వెటకారం కాదు. నిజంగానే అడిగింది. పెద్ద పుస్తకమైతే ఆలస్యమవుతుంది కదా అని తన తరఫున తానే మాకు మినహాయింపు ఇస్తూ ఉంది. నేను ఏమన్నానో నాకు గుర్తులేదు. ఆటో కదిలి పోతుంటే మిగిలిన గొర్రెలు దాని వెనక కొంత దూరం నడిచి ఆగిపోవడం మాత్రం గుర్తుంది.

ఆ సాయంత్రమే తోడల్లుడు ఇంటికి వచ్చాడు. చెప్పులు వాకిట్లో విడిచి, కుర్చీలో అంచున కూర్చున్నాడు. "అన్నా, దొరికినాదా?" అన్నాడు. ఇంకా వెతుకుతున్నానన్నాను. "నిదానంగా చూడన్నా. నువ్వు లేదంటే లేదనే చెప్తాను. నేను తొందరపడి వాగినానేమో అని అప్పటి నుంచి అన్నం దిగడం లేదు. దేవుడి సంగతిలో నాలాంటోడు నోరు పెట్టొచ్చునా?" ఆయన కళ్ళలో నా మీద ఎంత నమ్మకముందంటే, నాకు చూపు తిప్పుకోవడానికి చోటు దొరకలేదు. మా ఆవిడ టీ ఇచ్చింది. ఆయన తాగి, "వదినా, ఫ్యాను కిర్రుమంటా ఉండాది, రేపొచ్చి చూస్తా" అని వెళ్ళిపోయాడు.

ఆవిడ గ్లాసులు తీయలేదు. లోపలికి పోయి మూడో నోటుబుక్కు తెచ్చి, పేజీ తెరిచి నా ఒళ్ళో పెట్టింది. "ఈ అక్షరాలు ఎవరివి?"

"నీవే."

"రాసిన నాకు గుర్తుండాది, రాయించిన మీకు గుర్తు లేదా? ఏం వెతుకుతా ఉండారు మీరు? ఆత్మకూరు దాకా పోయి ఏం వెతికినారు?" నేను పేజీ మూశాను. "ఆ మాట వేరే ఎవరన్నా చెప్పింటే ఆ పూటే చెప్పేవాళ్ళు. మా చెల్లెలి మొగుడు చెప్పినాడనే కదా?" అంది. కొట్టినా అంత నొప్పి ఉండేది కాదు. బిందె తీసుకుని, చెప్పులు వేసుకుని, పోయి మూసిన కొళాయి ముందు ఆ వరసలో కూర్చుంది. మా ఇంట్లో ఇంకా రెండు బిందెల నీళ్ళున్నాయి. పెద్దాయన ఇంటి తలుపు తడితే చాలు, శుక్రవారం దాకా ఆగనక్కర్లేదు. నేను తట్టలేదు. చెబితే మైకు ముందే చెప్పాలని నా పది నిమిషాలు నన్ను పట్టుకున్నాయి.

శుక్రవారం మసీదులో మాట్లాడటానికి లేచాను. పధ్నాలుగు పేజీలూ ఇంట్లోనే ఉన్నాయి. మూడో నోటుబుక్కు ఒక్కటే తెచ్చుకున్నాను. ఉన్న మాట చదివాను. ఎవరెవరు ఏ సందర్భంలో చెప్పారో, దాన్ని మా ఊరి కరువుకు అన్వయించడం ఎందుకు న్యాయమో చెప్పాను. నాకే ఆశ్చర్యం, ఎవరూ నిద్రపోలేదు. ముగించే ముందు, "అసలు సంగతి, ఇది నాకు పోయిన శుక్రవారమే..." అని మొదలుపెట్టాను. వెనక వరసలోంచి తోడల్లుడు లేచాడు. "అన్న ఒకటికి నాలుగు పుస్తకాలు చూసుకోందే నోరు తెరవడు. నేను తొందరపడినా, ఆయన ఆగి, నిలబెట్టినాడు" అన్నాడు. అందరూ తలలు ఊపారు. పెద్దాయన నా భుజం తట్టాడు. నా వాక్యం సగంలోనే ఉంది. దాన్ని పూర్తి చేయడానికి అంత నిశ్శబ్దమూ మిగిలే ఉంది. నేను కూర్చున్నాను. తోడల్లుడి భార్యా నా భార్యా అక్కచెల్లెళ్ళు. నేను తెలిసీ ఆపిన సంగతి మూడు రోజులు ఆ ఇంటికి తెలియకుండా ఉండదు. తెలిసే లేచాడు. ఇంతవరకు ఒక్కసారి కూడా ఎత్తలేదు. నేను ఆయనను క్షమించలేకపోయింది అక్కడే.

కొండ కింద నుంచి జల్లించిన మట్టి తెచ్చి వెడల్పాటి పళ్ళేల్లో పోశారు. మొదట చేతులు ఆనించింది పెద్దాయనే. బిరడా ఊడదీసింది తోడల్లుడు. బయట జనం, "చూసినారా, మన వైండింగ్ భాయ్ చెప్పిందే పాతకాలం పండితులు కూడా చెప్పినారంట!" అనుకున్నారు. అట్లా వందల ఏళ్ళనాటి మహానుభావులందరూ మా తోడల్లుడి తరఫు సాక్షులైపోయారు, నేను సమన్లు అందించిన బంట్రోతునయ్యాను. మట్టి వజూ కబురు చుట్టుపక్కల ఊళ్ళకు పాకింది. ఎవరెవరో వచ్చి ఆయన షాపు ముందు కూర్చుని ఇంకేం చెబుతాడోనని ఎదురుచూసేవాళ్ళు. ఆయన మోటార్లు విప్పుకుంటూ, "అన్నను అడగండి" అనేవాడు. ఒక్కరూ అడగలేదు.

ఆ శుక్రవారం నమాజు అయ్యాక గోడ పక్కనుంచి నడిచి వస్తుంటే అవ్వ మందను తొట్టి దగ్గరికి తోలుకొచ్చింది. గొర్రెలు ఒకదాన్నొకటి నెట్టుకుంటూ తలలు ముంచాయి. తొట్టికి ఒక పక్క మాత్రం నాలుగు తలలు పట్టేంత ఖాళీ ఉంది. "పుస్తకం దొరికినాదంట కదా, సంతోషం అయ్యోరా" అంది ఆమె. ఆ ఖాళీ వంక చూడకుండా తలూపి ఇంటికి వచ్చేశాను. వందల ఏళ్ళు పుస్తకాల్లో ఓపిగ్గా పడి ఉన్న మాటకు ఇంకొక వారం ఎక్కువేమీ కాదనుకున్నాను. దాహానికి వారమంటే ఎంత కాలమో నా ఏడు నోటుబుక్కుల్లో నేనెక్కడా రాసుకోలేదు.